గ్లవ్వు ఒకటి, ఎల్‌హెచ్: ఒక బిల్లుకు టీకా తాత్పర్యం

అవతారిక

కొల్చారం మల్లినాథసూరి మన మెదక్ జిల్లా వాడు. కాళిదాసు కావ్యాలకు సంజీవని అని, భారవికి ఘంటాపథమని, మాఘుడికి సర్వంకష అని టీకలు రాశాడు. మూలంలో లేనిది రాయననీ, అక్కర్లేనిది చెప్పననీ మొదట్లోనే ఒట్టు పెట్టుకున్నాడు. ఆయన తర్వాత ఆ ఒట్టును ఏ వ్యాఖ్యాతా నిలబెట్టినట్టు లేదు. నేనూ నిలబెట్టబోవడం లేదు. ఆయనకు దొరికింది రఘువంశం, నాకు దొరికింది బిల్లు.

బిల్లు మా అక్క కొడుకుది. వాడు హైటెక్ సిటీలో పనిచేస్తాడు. వాడి బాసు శనివారం పొద్దున గోల్ఫు ఆడతాడు. ఆ కంపెనీలో ఈ ఏడు ప్రమోషను ఆశిస్తున్న వాళ్లందరికీ ఉన్నట్టుండి శనివారం పొద్దుట ఖాళీ చిక్కడం మొదలైంది. మావాడికి సామాను కావలసి వచ్చింది. "మామా, నువ్వు గూడ రా, ఊకె ఇంట్ల కూసొని ఏం జేస్తవ్" అని నన్నూ బయల్దేరదీశాడు.

ముందు మన దిల్‌సుఖ్‌నగర్‌లో చూద్దామని నేను పట్టుబట్టాను. ఎల్బీనగర్ నుంచి మూసారాంబాగ్ దాకా మెట్రో స్తంభాల కింద దొరకని వస్తువు లేదని నా నమ్మకం. ఎప్‌సెట్ మెటీరియలు, పెళ్లి చీరలు, కుక్కరు గాస్కెట్లు, సాయిబాబా గుడి ముందు గులాబీ దండలు, అన్నీ ఒక్క నడకలో తెచ్చుకోవచ్చు. ఆటసామాన్ల దుకాణం ఆయన వేలాడుతున్న బ్యాట్ల మధ్య నుంచి తల బయటపెట్టి అడ్డంగా ఊపాడు. "గోల్ఫా? ఈడ ఎవరాడతరు సార్? హాకీ కర్ర గావాల్నంటే చెప్పుండ్రి, మంచి మాలున్నది. అయిదొందలు, మీరు నాలుగొందల యాభై ఇయ్యుండ్రి." అడక్కుండానే ధర చెప్పి, చెప్పిన నోటితోనే తగ్గించిన ఆ పుణ్యాత్ముణ్ని ఆ తర్వాత చాలాసార్లు తలుచుకున్నాను.

గోల్ఫు సామాను దొరికే చోటు నగరానికి ఆ చివర. పేరు రాయను. దాన్ని దుకాణం అనకూడదట, స్టూడియో అనాలట. లోపల సన్నని పచ్చ తివాచీ, దాని చివర ఒక గుంత, పక్కన వల కట్టిన తెర, కాఫీ యంత్రం. ధర చీటీ మాత్రం ఏ కర్రకూ లేదు. ధరెంత బాబూ అంటే "మీ హ్యాండిక్యాప్ ఎంత సర్?" అన్నాడు కుర్రాడు. మళ్లీ ధరే అడిగితే "మీ బడ్జెట్ ఎంత సర్?" అన్నాడు. ధర అడిగిన వాణ్ని వాడి స్థాయి అడగడం ఈ గ్రంథానికి ప్రాతిపదిక. పాఠకుడు దీన్ని గుర్తుంచుకోవాలి.

హ్యాండిక్యాప్ అంటే ఆటగాడు మామూలుగా ఎన్ని దెబ్బలు ఎక్కువ తింటాడో చెప్పే అంకె. 2020లో ప్రపంచమంతటికీ ఒకే పద్ధతి పెట్టి, 54 దాకా ఉండవచ్చన్నారు. అంకె పెరిగే కొద్దీ మనిషి తరుగుతాడు. ఇది అర్థం కాక పడమటి వాళ్లు తికమకపడతారేమో గాని, మా వైపు పసివాడికి కూడా చెప్పనక్కర్లేదు. ర్యాంకుల మీద బతికే పేట మాది. పక్కింటి అబ్బాయికి నలభై వచ్చిందంటే మిఠాయి పంచారని, నలభై వేలు వచ్చిందంటే ఇంట్లో దీపం పెట్టలేదని తెలుసు.

మూలం

ఇంగ్లీషులో ఉన్నదాన్ని తెనిగించి ఇస్తున్నాను.

డ్రైవరు (ఎల్‌హెచ్), 460 సీసీ, 10.5 డిగ్రీలు, రెగ్యులర్, ఒకటి. ఐరన్లు (ఎల్‌హెచ్), సెట్టు ఒకటి. పట్టరు (ఎల్‌హెచ్), ఒకటి. గ్లవ్వు (ఎల్‌హెచ్), ఒకటి. బంతులు, డజను. టీలు, ప్యాకెట్టు. అమ్మబడిన సరుకు వాపసు తీసుకొనబడదు, మార్చబడదు. వివాదములు హైదరాబాదు కోర్టుల పరిధికి మాత్రమే లోబడును. ధన్యవాదములు. మరల దయచేయుడు.

పాఠపరిష్కరణ

ఈ గ్రంథానికి లభించింది ఒక్కటే ప్రతి. అది సిరాతో రాసింది కాదు, వేడి తగిలితే నల్లబడే కాగితం మీద పొడిచింది. తాళపత్రం మూడు నాలుగు వందల ఏళ్లుండేది. చెదలు పట్టినా, అంచులు విరిగినా గంటం గీత మిగిలేది. ఈ కాగితాన్ని మావాడు కారు అద్దం ముందు పడేస్తే వారం తిరక్కుండా "ఐరన్లు" పాలిపోయి, "బంతులు" శిథిలమై, మొత్తం ధర ఉన్న చోట బూడిదరంగు మచ్చ మిగిలింది. వస్తువుకు రెండేళ్ల వారంటీ ఇచ్చి, ఆ సంగతి రెండు నెలలు నిలవని కాగితం మీద రాసివ్వడం ఎవరి తెలివో గాని గొప్ప తెలివి. కొత్తపేటలో జిరాక్సు తీయించి, దానిమీద అట్ట వేయించి, మూలప్రతిని నిఘంటువులో పెట్టాను. వాపసు సంగతి చెప్పే వాక్యం మాత్రం చెక్కుచెదరలేదు. దాన్ని రబ్బరు ముద్రతో కొట్టారు.

ప్రతిపదార్థం

వ్యాఖ్యాతలు తేలికైన చోట నాలుగు పుటలు రాసి, కష్టమైన చోట "స్పష్టము" అని దాటిపోతారు. ఆ సంప్రదాయం ఇక్కడా చెల్లుతుంది.

460 సీసీ. కర్ర తలకాయ ఘనపరిమాణం. ఇంతకు మించకూడదని నిబంధన. మా వీధి చివరి కుర్రాడి బుల్లెట్టు 350 సీసీ, దానికి లైసెన్సు అడుగుతారు.

10.5 డిగ్రీలు. తలకాయ ముఖం ఆకాశం వైపు ఎంత వాలి ఉందో ఆ కోణం.

రెగ్యులర్. కాడ ఎంత వంగుతుందో చెప్పే మాట. లేడీస్, సీనియర్, రెగ్యులర్, స్టిఫ్, ఎక్స్‌ట్రా స్టిఫ్ అని అయిదు అవస్థలు. విసురు వేగం ఎక్కువైన వాడికి గట్టి కాడ, తక్కువైన వాడికి వంగే కాడ. ఇందులో గౌరవ మర్యాదల ప్రసక్తి లేదు. కాని "స్టిఫ్" అన్నప్పుడు కుర్రాడి గొంతులో ఒక భక్తి, "సీనియర్" అన్నప్పుడు నావంక ఒక చూపు.

పట్టరు. స్పష్టము.

టీ. దిల్‌సుఖ్‌నగర్‌లో ఏ మలుపులో అడిగినా చెబుతారు, అందరూ ఒకే తప్పు చెబుతారు. అది దిద్దడం నా పని కాదు.

బంతి. బరువు 45.93 గ్రాములు మించకూడదు, వ్యాసం 42.67 మిల్లీమీటర్లకు తగ్గకూడదు. ఒకప్పుడు తోలుసంచిలో పెద్దబాతు ఈకలు కూరి కుట్టేవారు. 1848 ప్రాంతంలో మలయా చెట్టు పాలతో, గట్టా పెర్చాతో, పోతపోశారు. ఆ నున్నటి బంతి సరిగ్గా ఎగరలేదు. దెబ్బలు తిని గాట్లు పడ్డ పాత బంతి మాత్రం తిన్నగా, దూరంగా పోయింది. నున్నటి గోళం వెనక గాలి పెద్ద సుడై లాగుతుంది. గరుకు ముఖం ఉంటే గాలి దాన్ని అంటిపెట్టుకుని ఇంకొంత దూరం వెళ్లి విడుస్తుంది, లాగుడు తగ్గుతుంది. అది కనిపెట్టాక కొత్త బంతులకు ముందే మూడు నాలుగు వందల గుంటలు పొడిచి అమ్ముతున్నారు. అనుభవం కూడా డబ్బాలో దొరుకుతోందన్నమాట. చెరువుల్లో పడ్డ బంతుల్ని ఏరి కడిగి తక్కువ ధరకు అమ్మేవాళ్లు లోకమంతటా ఉన్నారు. నేర్చుకునేవాడికి అవి చాలవా అని అడిగాను. "మీ బ్రాండ్‌కు అది సూట్ కాదు సర్" అన్నాడు. నాకు బ్రాండు ఉందని ఆనాడే తెలిసింది.

పూర్వపక్షం

మా అపార్టుమెంటు వాట్సాప్ గుంపులో ఒక పెద్దమనిషి ఈ బిల్లు సంగతి విని వెంటనే ఒక సందేశం పెట్టాడు. గోల్ఫు మనదేనట. గుంతలు 18, పురాణాలు 18, భారత పర్వాలు 18. సంచిలో కర్రలు 14, భువనాలు 14. గుంత వ్యాసం 108 మిల్లీమీటర్లు, అదే అష్టోత్తర శతం. చివర రెండు నమస్కారాలు, ఒక జెండా.

సిద్ధాంతం. స్కాట్లాండులోని సెయింట్ ఆండ్రూస్‌లో మొదట 22 గుంతల ఆట ఉండేది. 1764లో కొన్నిటిని కలిపేశారు, 18 అయ్యాయి. కర్రలకు పరిమితి 1938 దాకా లేనే లేదు. కొందరు పాతికకు పైగా మోయించుకు తిరుగుతుంటే అమెరికా వాళ్లు విసిగి 14 అన్నారు. గుంత కొలత 1891లో స్థిరపడింది, అదీ అంగుళాల్లో, నాలుగుంబావు. దాన్ని మిల్లీమీటర్లు చేస్తే 107.95 వస్తుంది. మిగిలిన అరవీసం మనవాళ్లు భక్తితో పూడ్చారు.

"మోయించుకు తిరుగుతుంటే" అన్నాను కదా. మోసేవాణ్ని కేడీ అంటారు. 1991లో ఇండియన్ ఓపెన్ గెలిచిన అలీ షేర్ ఢిల్లీలో కేడీగా మొదలైనవాడే. ఆయన చిన్నప్పుడు ఏ స్టూడియోలో ఫిట్టింగు చేయించుకున్నాడో చెప్పమని ఆ కుర్రాణ్ని అడిగాను. అతను కాఫీ తాగుతారా సర్ అన్నాడు.

విశేషాంశం

మన గ్రంథాల్లో వెతకాలనే కోరికే ఉంటే పెద్దమనిషి అంకెలు లెక్కపెట్టకుండా ఆదిపర్వం తెరవవలసింది. అక్కడ గుంతా ఉంది, అందులో పడ్డదీ ఉంది.

కురుకుమారులు ఊరి బయట ఆడుకుంటున్నారు. ఆడే వస్తువు పోయి నీళ్లు లేని బావిలో పడింది. నూరుగురూ అయిదుగురూ చుట్టూ మూగి లోపలికి తొంగిచూస్తున్నారు, తీసే ఉపాయం ఒక్కరికీ తోచడం లేదు. పక్కనే ఒక నల్లని, బక్కపలచని బ్రాహ్మడు. క్షత్రియ పిల్లలై ఉండి ఇది తీయలేరా అని నవ్వి, తన వేలి ఉంగరం కూడా తీసి అదే బావిలో పడేశాడు. రెల్లుపుల్లలు మంత్రించి ఒక పుల్లతో ఆ ఆటవస్తువును గుచ్చాడు, ఆ పుల్లను మరో పుల్లతో గుచ్చాడు, అలా పుల్ల వెనక పుల్ల గొలుసుగా పైకి వచ్చింది. ఉంగరాన్ని బాణంతో తీశాడు. పిల్లలు పరుగెత్తి భీష్ముడికి చెప్పారు. ఇంత పని చేసేవాడు ద్రోణుడే అయి ఉంటాడని ఆయన గ్రహించాడు. హస్తినాపురంలో ఒక ఉద్యోగం ఖాయమైంది. లోకమంతా బంతిని గుంతలో వేయడానికి తంటాలు పడుతుంటే, గుంతలోంచి తీసి బతుకుతెరువు సంపాదించినవాడు ఈయనొక్కడే.

ఇంతకూ పడ్డది ఏమిటి? ఇక్కడే వ్యాఖ్యాతలకు పండగ. వ్యాసుడు "వీట" అన్నాడు. నన్నయ దాన్ని బంగారు చెండు చేశాడు. రాజుల పిల్లలు గదా, బంగారం కాకపోతే ఎలా అనుకుని ఉంటాడు. పదిహేడో శతాబ్దంలో కాశీలో కూర్చుని భారతమంతటికీ టీక రాసిన నీలకంఠుడు మాత్రం, యవగింజ ఆకారంలో జానెడు కర్రముక్క, దాన్ని మూరెడు కర్రతో కొట్టి ఎగరేస్తారు అన్నాడు. అంటే ఏమిటి? మా నల్లగొండ వైపు చిర్రగోనె. కృష్ణా జిల్లా వాళ్లకు గోటీబిళ్ళ. నన్నయ మీద నాకెంత భక్తి ఉన్నా ఈ ఒక్కచోట నా ఓటు నీలకంఠుడికే. బంగారు చెండు ఇచ్చి ఊరి బయటికి ఏ తల్లీ పిల్లల్ని పంపదు. గాంధారి కళ్లకు గంతలు కట్టుకున్నది గాని, ఆ మాత్రం తెలియనిది కాదు.

ఇంకొక మాట. కర్రముక్క అయితేనే గుచ్చినప్పుడు పుల్ల దిగుతుంది. బంగారు బంతికి రెల్లుపుల్ల ఎలా దిగుతుంది? మంత్రబలం అంటారు. మంత్రమే ఉంటే ఇక పుల్లెందుకు?

చిర్రగోనెకు కావలసిన సామాను ఒక తుమ్మకొమ్మ, ఒక కొడవలి. కొమ్మలో సన్నభాగం చిర్ర, లావుభాగం గోనె. రెండు వైపులా చిర్రను చెక్కి కొస తేల్చాలి. ఎంత చెక్కాలన్నది చేతికి తెలుస్తుంది. మరీ చెక్కితే ఎగిరి కంటికి తగులుతుంది, చాలకపోతే లేవదు. నేలలో చిన్న గుంత తీసి, చిర్రను దానికి అడ్డంగా పెట్టి, గోనెతో ఎగజిమ్మాలి. పడ్డచోటికి గోనెతోనే కొలత. పొట్టి గోనె తెచ్చినవాడికి లెక్క ఎక్కువ వస్తుందని గొడవ. అందుకని ఊళ్లో ఒక పెద్దపిల్లవాడి గోనె ప్రమాణం. సెయింట్ ఆండ్రూస్‌లో పెద్దమనుషులు కూర్చుని చేసే పని అక్కడ వాడు ఒక్కడే చేసేవాడు, చందా లేకుండా.

ద్రోణుడి కథలో నాకు ఎప్పుడూ గుచ్చుకునేది బావి దగ్గరి నవ్వు కాదు, దానికి ముందు జరిగింది. ధనవంతుల పిల్లలు పాలు తాగుతుంటే చూసి అశ్వత్థామ ఏడ్చాడు. పిండి కలిపిన నీళ్లిస్తే పాలనుకుని తాగి గంతులేశాడు, తక్కిన పిల్లలు నవ్వారు. ఆ తండ్రి చిన్ననాటి స్నేహితుడు ద్రుపదుడి దగ్గరికి వెళ్తే, రాజుకూ పేదవాడికీ స్నేహమేమిటి, సమానులకే స్నేహం అని ఆయన పంపేశాడు. తక్కిన భారతానికి సగం నిప్పు అక్కడ రాజుకుంది. ద్రుపదుడి ఆ మాటనే ఇప్పుడు మెంబర్‌షిప్ అని, రెఫరెన్స్ అని, డ్రెస్ కోడ్ అని ఇంకొంచెం మర్యాదగా అంటున్నారు. 1829లో తెల్లవాళ్లు కలకత్తాలో గోల్ఫు క్లబ్బు పెట్టారు. బ్రిటిషు దీవుల బయట అదే అన్నిటికంటే పాతది. వాళ్లు పోయారు, తలుపు దగ్గరి మాట మిగిలింది.

పోనీ తలుపు తెరిచారే అనుకుందాం. అది ఎక్కడుంది? ఈ ఊళ్లో గోల్ఫు ఆడేది గోల్కొండ నయా ఖిల్లాలో, గచ్చిబౌలిలో, సికింద్రాబాదు కంటోన్మెంటులో. నయా ఖిల్లా అబ్దుల్లా కుతుబ్‌షా మొగలాయిల భయంతో కట్టించుకున్న కోట. అందులో వందల ఏళ్ల నాటి బ్రహ్మాండమైన ఏనుగుచెట్టు ఉంది. దాని చుట్టూ గోల్ఫేమిటని పాతకట్టడాల మీద ప్రేమ ఉన్నవాళ్లు ఏళ్ల తరబడి మొత్తుకుంటున్నారు. ఎల్బీనగర్ నుంచి అక్కడికి చేరాలంటే నగరమంతా దాటాలి. 18 గుంతల మైదానానికి నూరెకరాల పైమాటే కావాలి. మా గడ్డిఅన్నారం పండ్ల మార్కెట్టు ఉన్న స్థలం 22 ఎకరాలు, మార్కెట్టును బాటసింగారం తరలించి అక్కడ ఆస్పత్రి కడుతున్నారు. ఆస్పత్రి కావలసిందే, కాదనను. కాని ఎల్బీనగర్ చౌరస్తా చుట్టూ చూస్తే ఖాళీ కనిపించిన ప్రతి చోటా హద్దురాళ్లే. చైతన్యపురి పిల్లలు సెల్లారులో, కార్ల మధ్య, ప్లాస్టిక్ బంతితో క్రికెట్ ఆడతారు. బంతి కారుకింద దూరితే అవుటు. ఆ పిల్లల్ని తోలి పార్కింగు గీతలు కొట్టించాలని తీర్మానం చేసింది ఎవరనుకున్నారు? అష్టోత్తర శతం పెద్దమనిషే.

నాలుగు పుటలు అయిపోయాయి, గ్లవ్వు దగ్గరికి ఇంకా రానేలేదు. మల్లినాథుడు క్షమించుగాక.

గ్లవ్వు ఒకటి, ఎల్‌హెచ్

ఇది ఈ గ్రంథానికి మర్మస్థానం. సావధానంగా వినాలి.

మావాడు ఎడమచేతి వాటం. చిన్నప్పుడు అన్నం ముద్ద ఎడమ చేత్తో ఎత్తితే మా అమ్మ చేతిమీద కొట్టేది. అందువల్ల అన్నం కుడిచేత్తో తినడం, తక్కినవన్నీ ఎడమచేత్తో చేయడం అలవాటైంది. దుకాణంలో అడుగుపెట్టగానే ఈ సంగతి చెప్పాడు. ఆ స్టూడియో మొత్తానికి ఎడమవాటం సెట్టు ఒక్కటే ఉంది. తెర ముందు చాప అటు తిప్పడానికి ఇద్దరు రావలసి వచ్చింది.

కర్ర మీద ఎల్‌హెచ్ అంటే ఎడమవాటం ఆటగాడి కర్ర. గ్లవ్వు మీద ఎల్‌హెచ్ అంటే ఎడమ చేతికి తొడిగే గ్లవ్వు. గోల్ఫులో గ్లవ్వు ఒక్క చేతికే. కుడివాటం వాడికి కర్ర పైభాగాన్ని ఎడమచెయ్యి పట్టుకుంటుంది, గ్లవ్వు దానికి. ఎడమవాటం వాడికి పైచెయ్యి కుడిది, కనక గ్లవ్వు కుడిది కావాలి. అంటే ఎల్‌హెచ్ కర్ర కొన్నవాడు ఆర్‌హెచ్ గ్లవ్వు కొనాలి. ఒకే రెండక్షరాలు ఒక వస్తువు మీద మనిషిని, ఇంకో వస్తువు మీద చేతిని చెబుతాయి. పింగళి సూరన రాఘవపాండవీయం రాసి ఒకే పద్యంలో రాముడి కథనూ పాండవుల కథనూ నడిపాడని ఆయన్ని నాలుగొందల ఏళ్లుగా పొగుడుతున్నాం. ఆయన పద్యం తప్పుగా అర్థమైతే ఎవరికీ డబ్బు పోదు.

కుర్రాడు వరసగా ఎల్‌హెచ్, ఎల్‌హెచ్, ఎల్‌హెచ్ అని కొట్టుకుంటూ వచ్చి నాలుగోదీ ఎల్‌హెచ్ కొట్టాడు. పలచటి గొర్రెతోలు, మల్లెపువ్వంత తెలుపు, అట్టమీద పరిచి పైన ప్లాస్టిక్ తొడుగు. ఇంటికొచ్చి తొడుగు చింపి మావాడు కుడిచేతికి ఎక్కించబోతే బొటనవేలు చిటికెనవేలి వైపు పోయింది.

ఈ తోలు ముచ్చట మనకు కొత్తది కాదు. విశ్వామిత్రుడి వెంట అడవికి వెళ్లినప్పుడు రామలక్ష్మణులు చేతులకు ఉడుముతోలు తొడుగులు కట్టుకున్నారని వాల్మీకే చెప్పాడు. అల్లెతాడు ముంజేతికి కొట్టుకోకుండా ఒకటి, వేళ్లకు ఒకటి. ఏది ఏ చేతికో చెప్పే భారం ఆ రోజుల్లో కొనేవాడి మీద ఉన్నట్టు లేదు. అర్జునుడు సవ్యసాచి, ఏ చేత్తోనైనా గాండీవం లాగుతాడు. ఆయన ఆ స్టూడియోకు వచ్చి ఉంటే ఏది అంటగట్టినా సరిపోయేది. మేం అర్జునులం కాదు గదా.

తాత్పర్యం

ఐరన్లు చూపిస్తున్నప్పుడు కుర్రాడు ఒక మాట పదే పదే అన్నాడు: "ఇవి చాలా ఫర్గివింగ్ సర్." తల వెనక లోహం తొలిచి, ఆ బరువును అంచులకు సర్దుతారు. అప్పుడు బంతి మధ్యలో తగలక పక్కకు తగిలినా తల మెలి తిరగదు, దెబ్బ మరీ వృథా పోదు. కొట్టేవాడి తప్పును కర్ర కాస్తుంది. మంచి శాస్త్రం, నిజంగా మంచి శాస్త్రం. ఆ మాట విని మావాడు ఉన్న ధర మీద ఇంకో పదిహేను వేలు పెట్టాడు. గ్లవ్వు పట్టుకుని తిరిగి వెళ్లినప్పుడు తెలిసింది, ఆ గదిలో క్షమాగుణం లోహానికి మాత్రమే ఉందని.

"అమ్మబడిన సరుకు వాపసు తీసుకొనబడదు." కర్మణి ప్రయోగం. తీసుకోనివాడు ఎవడో వాక్యంలో లేడు. కుర్రాణ్ని అడిగితే పాలసీ సర్ అంటాడు, మేనేజరును అడిగితే సిస్టమ్ అంటాడు, సిస్టమ్‌ను అడగడానికి అది మాట్లాడదు. దాని కిందే "మరల దయచేయుడు" అని ఉంది. సరుకు తిరిగి రాకూడదు, మనిషి మాత్రం తిరిగి రావాలి.

అక్కడ జరిగిన వాదం నైయాయికులకు పనికొచ్చేది. మేనేజరు: గ్లవ్వులో లోపం లేదు, ఎల్‌హెచ్ అని రాసి ఉంది, ఎడమచేతికి పడుతుంది. నేను: మేము అడిగింది ఎడమవాటం వాడికి గ్లవ్వు. మేనేజరు: ఇచ్చిందీ ఎల్‌హెచ్చే గదా. నేను: కుడిదానితో మార్చండి. మేనేజరు: తొడుగు చింపారు. నేను: చింపకుండా వేసుకునే విద్య మాకు రాదు. మేనేజరు: దుకాణంలోనే చూసుకోవలసింది. నేను: తొడుగు చింపా? ఇక్కడ ఆయన కాఫీ తాగుతారా అన్నాడు.

స్మృతి ప్రమాణం ఏమంటున్నదో చూద్దాం. వినియోగదారుల రక్షణ చట్టం 2019లో వచ్చి 2020 జూలై 20న అమల్లోకి వచ్చింది. దాని సెక్షన్ 2(47) అనుచిత వ్యాపార పద్ధతుల్ని వరుసగా చెబుతూ, లోపమున్న సరుకును బిల్లులో రాసిన గడువులోగా, గడువు రాయకపోతే ముప్పై రోజుల్లోగా వెనక్కి తీసుకుని డబ్బివ్వకపోవడం అందులో ఒకటి అన్నది. మరి లోపమంటే? అదే చట్టం నిర్వచనంలో, అమ్మేవాడు ఏ విధంగానైనా ఇది ఫలానా అని చెప్పుకున్నదానికి తక్కువ పడితే అదీ లోపమే. ఎడమవాటం మనిషికి ఇదే గ్లవ్వు అని చెప్పి ఇచ్చింది మీరు. కనక లోపం గ్లవ్వుకు పట్టింది, మావాడి చేతికి కాదు. రబ్బరు ముద్రలు చట్టానికి అపవాదాలు కావు. ఈ ముద్ర విషయంలో దిల్‌సుఖ్‌నగర్ చీరల దుకాణాల మీద కూడా నాకు కోపమే. కాని అక్కడ కౌంటరు ముందు ఇద్దరు ఆడవాళ్లు నిలబడి గొంతెత్తితే ముద్ర చెరిగిపోతుంది. ఏసీ గదిలో గొంతెత్తడానికి మనకే సిగ్గు. ఆ సిగ్గు మీదే వాళ్ల వ్యాపారం.

"హైదరాబాదు కోర్టుల పరిధికి మాత్రమే." ఈ "మాత్రమే" దగ్గర గ్రంథకర్త తప్పులో కాలేశాడు. కొన్నవాడు ఎక్కడ నివాసముంటే అక్కడే ఫిర్యాదు చేయవచ్చని 2019 చట్టం కొత్తగా చేర్చింది. మా ఇల్లు రంగారెడ్డి జిల్లాలో. జిల్లా కోర్టులు ఉన్నది ఎల్బీనగర్‌లోనే, మా ఇంటి నుంచి షేర్ ఆటో దూరం. అయిదు లక్షల లోపు వస్తువుకు ఫిర్యాదు రుసుము కూడా లేదు. 2016లో ఈ ప్రాంతానికి రాచకొండ పేరుతో పోలీసు కమిషనరేటు పెట్టినప్పుడు నేను లోలోపల మురిసిపోయాను. సర్వజ్ఞ సింగభూపాలుడి రాజధాని పేరు గదా, రసార్ణవసుధాకరం రాసినవాడు. అలాంటి గడ్డ మీద ఉండి ఒక రబ్బరు ముద్రకు తలవంచడమా?

రెండు రాత్రులు కూర్చుని ఫిర్యాదు రాశాను. అట్ట వేసిన జిరాక్సు, చింపిన తొడుగు, గ్లవ్వు, అన్నీ ఒక కవరులో పెట్టి సంతకం కోసం మావాడి ముందుంచాను. ముప్పై రోజుల గడువు ఇంకా తీరలేదు.

"గ్లవ్వు కోసం కోర్టా మామా?"

"గ్లవ్వు కోసం కాదురా, వాక్యం కోసం."

వాడు కొంచెంసేపు కవరును అటూ ఇటూ తిప్పాడు. తర్వాత అసలు సంగతి చెప్పాడు. ఆ స్టూడియో యజమాని, వాడి బాసు ఒకే క్లబ్బు. శనివారాలు ఒకే జట్టు. మొన్న ఎక్కడ కొన్నావని బాసు అడిగితే పేరు చెప్పాడట, బాసు భుజం తట్టాడట.

"ప్రమోషన్ లిస్టు వచ్చినంక చూద్దాం మామా."

మరి శనివారం దేంతో ఆడతావురా అంటే, ఆన్‌లైన్లో ఇంకోటి తెప్పించానన్నాడు. తెచ్చి చూపించాడు. ఆర్‌హెచ్ అని సరిగానే ఉంది, డబ్బా మీద ధరా ఉంది. పట్టకపోతే పది రోజుల్లో వాపసు పంపవచ్చని చీటీ కూడా పెట్టారు.